తలుపు గొళ్లెం చాలు: తక్కువ డబ్బుతో భయం కథను సినిమాగా తీసేవారికి ఏ కథ, ఏ ఇల్లు, ఏ వేళ

హన్మకొండలోనూ కరీంనగర్‌లోనూ లఘుచిత్రాలు తీసే పిల్లలు కలిసినప్పుడల్లా అడిగే ప్రశ్న ఒకటే: "అన్నా, 50 వేలు జమ చేసుకున్నాం. మంచి దయ్యం కథ ఒకటుంది. తీయగలమా?" నేను ముందు కథ చెప్పమంటాను. కెమెరా ఏదని అడగను. కథ ఎంచుకున్న రోజే ఖర్చులో ముప్పాతిక తేలిపోతుంది. పాడుబడిన కోట, జాతరలో జనం, గాలిలోకి లేచే మనిషి ఉన్న కథను పట్టుకుని తర్వాత ఎంత పొదుపు చేసినా గట్టెక్కలేరు. ఒక ఇల్లు, ఇద్దరు ముగ్గురు మనుషులు, ఒక తలుపు ఉన్న కథ అయితే ఆ 50 వేలతోనే తలెత్తుకునే సినిమా తీయవచ్చు.

కథకు నేను పెట్టే పరీక్ష ఇది. అచ్చు ప్రతి తీసుకుని దయ్యం కంటికి కనిపించే వాక్యాలన్నీ పెన్సిల్‌తో కొట్టేయండి. మిగిలిన కథను రాత్రి భోజనాలయ్యాక ఇంట్లో ఎవరికైనా పైకి చదివి వినిపించండి. వింటున్నవారు ఒక్కసారైనా తలుపు వైపు చూశారా, ఆ కథ మీ డబ్బుకు అందుతుంది. కొట్టేసిన వాక్యాలతో పాటే భయం కూడా పోయిందంటే, ఆ కథ ఎంత గొప్పదైనా గ్రాఫిక్స్‌కు డబ్బున్నవారికి వదిలేయండి.

నవలా, కథా అన్న ప్రశ్నకు పెద్దగా ఆలోచించక్కర్లేదు. 1980ల్లో వారపత్రికల్లో వెల్లువెత్తిన క్షుద్ర నవలలంటే నాకూ ఇష్టమే. కానీ వాటిని వారం వారం పాఠకుణ్ణి ఆపడానికి రాశారు. పాత్రలు ఎక్కువ, ఊళ్లు ఎక్కువ, ప్రతి పదిహేను పేజీలకూ ఒక ఘోరం. చిన్న కథలో అయితే ఒకే భయం ఉంటుంది, అది ఒకే చోట ఉంటుంది. పెద్ద సినిమాయే తీయాలన్న పట్టుదల ఉంటే, ఒకే ఇంట్లో వేర్వేరు కాలాల్లో జరిగే మూడు చిన్న కథలను కలపండి. ఒకే ఇంటి అద్దెతో మూడూ అయిపోతాయి.

ఇక అసలు ఎంపిక. కథ మూడు చోట్ల నుంచి రావచ్చు: హక్కుల గడువు తీరిన పాత కథ, ఇప్పుడు జీవించి ఉన్న తెలుగు రచయిత కథ, మన ఊళ్లో నోటి మీద ఉన్న కథ.

పాత కథ

మన కాపీరైట్ చట్టం 1957 నాటిది. దాని ప్రకారం రచయిత బతికి ఉండగా అచ్చయిన రచనకు, ఆయన చనిపోయిన మరుసటి ఏడాది మొదలు 60 ఏళ్ల వరకు హక్కులుంటాయి. ఆ తర్వాత ఆ కథ అందరిదీ. ఇంగ్లీషులో భయం కథలు రాసినవారిలో ఎడ్గార్ అలన్ పో 1849లో పోయాడు, ఎం.ఆర్. జేమ్స్ 1936లో, డబ్ల్యు.డబ్ల్యు. జేకబ్స్ 1943లో. ముగ్గురి కథలనూ ఇవాళ మన దేశంలో ఎవరి అనుమతీ లేకుండా సినిమా తీసుకోవచ్చు. జాగ్రత్త పడవలసింది తెలుగు అనువాదం దగ్గర. మూలం స్వేచ్ఛగా ఉన్నా అనువాదకుడి హక్కు వేరు, అది ఆయన జీవితకాలాన్ని బట్టి నడుస్తుంది. అనువాదంలోని సంభాషణలను ఎత్తి రాసుకోవద్దు. మూలం చదివి మీ మాటల్లో రాసుకోండి. అలాగే ఆ కథ మీద ఇంతకు ముందు వచ్చిన సినిమాల్లో కొత్తగా కల్పించిన దృశ్యాలనూ తీసుకోవద్దు.

జేకబ్స్ 1902లో ప్రచురించిన 'ది మంకీస్ పా' కథను ఇక్కడ కాస్త వివరంగా చెబుతాను. తక్కువ ఖర్చు సినిమాకు ఇంతకంటే మంచి పాఠం నాకు దొరకలేదు. ఎండిపోయిన కోతి చేయి ఒకటి, అది తీర్చే కోరికలు మూడు. వృద్ధ దంపతులు ముందు 200 పౌండ్లు కోరుకుంటారు. మర్నాడు వారి కొడుకు ఫ్యాక్టరీలో యంత్రంలో చిక్కుకుని చనిపోతాడు. కంపెనీ మనిషి పరిహారం తెస్తాడు, సరిగ్గా 200 పౌండ్లు. కొన్నాళ్లకు తల్లి పట్టుబట్టి, కొడుకు తిరిగి రావాలని రెండో కోరిక కోరిస్తుంది. ఆ రాత్రి తలుపు చప్పుడవుతుంది. ఆమె గొలుసు తీస్తుంది, కింది గడియ తీస్తుంది, పై గడియ అందక కుర్చీ లాక్కుంటుంది. ఈలోగా తండ్రి చీకట్లో తడుముకుంటూ మూడో కోరిక కోరుకుంటాడు. తలుపు తెరిచేసరికి వీధి ఖాళీ.

దీన్ని గోదావరిఖనికి తెచ్చి చూడండి. బొగ్గు గనిని అక్కడ బాయి అంటారు. కొడుకు రాత్రి షిఫ్టుకు బాయి దిగుతాడు. తల్లి అన్నం డబ్బా సర్ది ఇస్తుంది. తెల్లవారి ఇంటికి రావలసింది కొడుకు, వచ్చింది ఆఫీసు మనిషి. తర్వాత ఒక చెక్కు, దాని మీద వాళ్లు కోరుకున్న అంకె. చివరి రాత్రి తలుపు చప్పుడైనప్పుడు కెమెరాను నేల మీద పెట్టండి. తలుపు కింది సందులోంచి టోపీ దీపం వెలుగు గచ్చు మీద సన్నటి గీతలా పడుతుంది. ఆ గీత కొంచెం ఎడమకు జరుగుతుంది. కొంచెం కుడికి జరుగుతుంది. బయట నిలబడినవాడు తల అటూ ఇటూ తిప్పుతున్నాడన్నమాట. ఆ వేషానికి నటుడు కూడా అక్కర్లేదు, టార్చి పట్టుకున్న మీ స్నేహితుడు చాలు. ఇంతటి భయం వచ్చేది మాత్రం టార్చి వల్ల కాదు. రాత్రి షిఫ్టుకు మనిషిని పంపి తెల్లవార్లూ ఎదురుచూసిన ఇళ్లు ఆ ప్రాంతంలో వేలల్లో ఉన్నాయి. పాత కథను తెచ్చుకోవడమంటే ఇలా మన మట్టిలో మళ్లీ నాటుకోవడం. కోతి చేతిని మాత్రం అలాగే ఉంచాలని లేదు. ఏ వస్తువు పెడితే మీ ఊరివాళ్లు నమ్ముతారో మీకే తెలియాలి.

జీవించి ఉన్న రచయిత కథ

తెలుగు నుడికారం, మనవైన ఇళ్లు, మన బంధుత్వాలు ముందే కథలో ఉంటాయి కాబట్టి రాసుకునే పని సగం తగ్గుతుంది. మన కథకుల్లో చాలామంది అడిగితే సంతోషంగా ఇస్తారు. అడగకుండా తీస్తే నొచ్చుకుంటారు, కోర్టుకూ వెళ్తారు. "పేరు మార్చాం, ఊరు మార్చాం, ఇక మనదే" అనుకోవద్దు. 1922లో జర్మనీలో 'నోస్ఫెరాటు' తీసినవారు బ్రామ్ స్టోకర్ 'డ్రాక్యులా' నవలను పేర్లు మార్చి వాడుకున్నారు. స్టోకర్ భార్య కోర్టుకెక్కితే ప్రతులన్నీ ధ్వంసం చేయమని తీర్పు వచ్చింది. కొన్ని ప్రతులు తప్పించుకోబట్టి ఆ సినిమా మిగిలింది.

ఒప్పందం కాగితం మీద ఉండాలి, రచయిత సంతకం ఉండాలి. ఫోనులో "సరే బాబూ, తీసుకో" అన్న మాటకు చట్టంలో బలం లేదు. ఆ కాగితంలో మూడు సంగతులు తప్పక రాయించుకోండి. ఎన్నేళ్లకు అన్నది రాయకపోతే అయిదేళ్లే అని చట్టం అనుకుంటుంది. ఏ ప్రాంతానికి అన్నది రాయకపోతే భారతదేశానికే పరిమితం. ఇంటర్నెట్‌లో పెట్టే సినిమాను దుబాయిలో ఉన్న మన జగిత్యాలవాళ్లు కూడా చూస్తారు, అందుకని ప్రపంచమంతటా అని ఉండాలి. మూడోది చాలామందికి తెలియదు: హక్కు తీసుకున్న ఏడాదిలోగా వాడుకోకపోతే, వేరే విధంగా రాసుకోనంత వరకు ఆ హక్కు రద్దయినట్టే. డబ్బు కూడేసరికి రెండేళ్లు పట్టే మనలాంటివారు ఈ గడువును పెంచి రాయించుకోకపోతే స్క్రిప్టు చేతిలో ఉంటుంది, హక్కు ఉండదు. రచయితకు ఎంతో కొంత డబ్బు ఇవ్వండి. 50 వేలలో 5 వేలైనా ముందు అటు వెళ్లాలి.

ఊరి కథ

మన పల్లెల్లో కథలకు కొదవ లేదు. చెరువు కట్ట తెగకుండా కోడలిని బలి ఇచ్చిన కథ, పొలం గట్ల వెంట నడిచే కొరివి దయ్యం, మునిమాపు వేళ మర్రి కింద గాలి సోకిన పిల్ల. వీటికి హక్కుదారు ఎవరూ లేరు. ఎవరైనా వాటిని తిరగరాసి అచ్చు వేసి ఉంటే ఆ రాతకు మాత్రం ఉంటుంది. ఖర్చు సంగతి చూస్తే కొరివి దయ్యం చవక, దూరంగా కదిలే ఒక మంట చాలు. చెరువు కట్ట కథ నా మనసుకు దగ్గరిదే గానీ నీళ్లు, వరద, ఊరి జనం అన్నీ కావాలి. అది మన శక్తికి మించింది. అమ్మవార్ల జోలికి వెళ్లవద్దని గట్టిగా చెబుతాను. కట్ట మైసమ్మా, పోచమ్మా, మేడారం తల్లులూ మన జనానికి దేవతలు. భయపెట్టే బొమ్మలుగా వాళ్లను చూపించడం తప్పు. దేవుళ్ల కథలు చెప్పే ఒగ్గు కథ డోలును దయ్యం వచ్చేటప్పుడు వాయించడమూ అంతే.

చేతబడి కథల దగ్గర ఇంకొంచెం ఆగాలి. తక్కువ ఖర్చుతో తీయవచ్చు కాబట్టి ఎక్కువమంది వీటి వైపే వెళ్తారు: నిమ్మకాయలు, ముగ్గు, వెంట్రుకలు, ఒక ముసలామె. కానీ మన జిల్లాల్లో మంత్రాలు చేస్తున్నారన్న అనుమానంతో మనుషుల్ని కొట్టి చంపిన వార్తలు ఇప్పటికీ పేపర్లో వస్తున్నాయి. వాళ్లలో ఎక్కువమంది ఒంటరివాళ్లు, ముసలివాళ్లు, పేదవాళ్లు. మీ సినిమాలో ఆ ముసలామె నిజంగానే బాణామతి చేసిందని చూపిస్తే, రేపు ఏదో ఊళ్లో ఆ అనుమానానికి మీ సినిమా సాక్ష్యం చెప్పినట్టవుతుంది. అదే కథను ఆమె గుమ్మం లోపలి నుంచి తీయండి. సాయంత్రం నీళ్లకు వెళ్తే బోరింగు దగ్గర అందరూ ఒక్కసారిగా మాటలాపేస్తారు. పాలు పోసే అబ్బాయి గుమ్మం దాకా రాకుండా గిన్నె దూరంగా పెట్టి పోతాడు. రాత్రి ఇంటి చుట్టూ చెప్పుల చప్పుళ్లు ఒకటి, రెండు, ఆరు, లెక్క తప్పుతుంది. ఇందులో గ్రాఫిక్స్ లేవు, దయ్యం లేదు. ఇంతకంటే భయంకరమైన కథ ఉత్తర తెలంగాణలో నాకు కనిపించలేదు.

మూడింటిలో మీకు ఏది? ఇదే మొదటి సినిమా అయితే హక్కుల తలనొప్పి లేని పాత కథ తీసుకోండి. కథ నిర్మాణం గట్టిగా ఉంటుంది, మీరు తప్పులు చేసినా అది మిమ్మల్ని నిలబెడుతుంది. ఒకటి రెండు తీసి, సంభాషణలు రాయడంలో ఇంకా ఇబ్బంది పడుతున్నవారు తెలుగు రచయిత దగ్గరకు వెళ్లండి. ఆయన పక్కన కూర్చుంటే నేర్చుకునేది కూడా ఎక్కువే. ఊరి కథను ఆ ఊరివాళ్లే తీయాలి. పొరుగువాళ్లు తీస్తే అది వింతల ప్రదర్శన అయిపోతుంది.

గడీయా, పెంకుటిల్లా

ఖిలా వరంగల్, వేయిస్తంభాల గుడి, రామప్ప గుడి కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడాలు. 1958 చట్టం కింద అక్కడ సినిమా తీయడానికి ముందస్తు అనుమతి కావాలి. ఏటూరునాగారం, పాఖాల అడవులైతే అటవీ శాఖ అనుమతి. దొంగచాటుగా వెళ్లి తీసేవారున్నారు. అది చేయకండి. మధ్యలో ఆపితే ఆ రోజు ఖర్చంతా పోతుంది.

అందరి కళ్లూ పడేది గడీల మీద, అంటే పాతకాలపు దొరల కోటల్లాంటి ఇళ్ల మీద. దొరలు పోయారు, గోడలు మిగిలాయి. తెరమీద అద్భుతంగా ఉంటుంది. కొన్నేళ్ల క్రితం జనగామ వైపు ఒక పాడుబడిన గడీలో మేము రెండు రాత్రులు తీశాం. వారసులు నలుగురు, ఒకరు ఒప్పుకుంటే ఇంకొకరు ఒప్పుకోలేదు. పైకప్పు అంత ఎత్తున ఉంటే మా దగ్గరున్న దీపాలు గోడ సగం దాకా కూడా వెళ్లలేదు. అన్నిటికన్నా ముఖ్యం, శబ్దం. అక్కడ ఎవరేం మాట్లాడినా బావిలోంచి వచ్చినట్టు వినిపించింది. మాటలన్నీ తర్వాత డబ్బింగ్ చెప్పించాం. దాని ఖర్చు గడీ అద్దెకు మూడింతలైంది. ఇంకో మాట కూడా చెప్పాలి. గడీ అంటే మన ఊళ్లలో వెట్టి. అక్కడ నలిగిపోయిన ఆడవాళ్ల మనవరాళ్లు అదే ఊళ్లో ఉన్నారు. ఆ బాధను అర్థం చేసుకుని రాసిన కథ ఉంటే గడీకి వెళ్లండి. తెల్లచీర, విరబోసిన జుట్టు కోసమైతే వద్దు.

తర్వాతి సినిమా నర్సంపేట దగ్గర ఒక పెంకుటింట్లో తీశాం. రెండు గదులు, ఒక వంటిల్లు, మందపాటి చెక్క తలుపు. తలుపుకు పాతకాలపు ఇనుప గొళ్లెం, నాలుగు కడియాల గొలుసు. చప్పుడయ్యాక తలుపు కదలదు గానీ ఆ గొలుసు మాత్రం ఊగుతుంది. మొదట పెద్దగా, తర్వాత చిన్నగా. చివరి కడియం చెక్కకు తగిలి "టిక్" మంటుంది, మళ్లీ ఆగి "టిక్" మంటుంది. మేము దాన్ని ముఖానికి దగ్గరగా ఉన్నంత పెద్దదిగా 11 సెకన్లు చూపించాం. సినిమా మొత్తంలో జనం గుర్తుపెట్టుకున్నది అదొక్కటే. సున్నం వేసిన గోడలు ఒక్క 9 వాట్ల బల్బు వెలుగునే గదంతా పంచుతాయి. కిటికీలకు, కెమెరా వెనక గోడకు నల్ల గొంగళ్లు వేలాడదీశాం. వెలుగూ ఆగింది, గది మోతా తగ్గింది. నా ఓటు ఎప్పటికీ పెంకుటింటికే.

రాత్రి దృశ్యాలను రాత్రే తీయాలని పట్టుపట్టవద్దు. లోపలి దృశ్యాలకు గొంగళ్లు కట్టుకుంటే మధ్యాహ్నం రెండు గంటలకే నడిరాత్రి అవుతుంది. నటులకు నిద్ర ఉంటుంది, ఇరుగుపొరుగుకు ఇబ్బంది ఉండదు. ఆరుబయట అయితే మునిమాపు వేళ చూసుకోండి. సూర్యుడు కుంగాక దాదాపు 20 నిమిషాలు ఆకాశం నీలంగా ఉంటుంది, ఇళ్లలో దీపాలు పసుపుపచ్చగా వెలుగుతాయి, ఫోను కెమెరాకు కూడా ఆ వెలుగు సరిపోతుంది. రోజుకు ఒకటి రెండు షాట్లే దొరుకుతాయి కాబట్టి మధ్యాహ్నమే నడిపించి చూసుకుని సిద్ధంగా ఉండాలి. నిజమైన నడిరాత్రి ఆరుబయట తీస్తే జనరేటర్ కావాలి. దాని మోత మీ శబ్దాన్ని మింగేస్తుంది.

కెమెరా గురించి రెండే మాటలు. ఈ మధ్య వచ్చిన మంచి ఫోను ఉంటే కెమెరా అద్దె మానేసి ఆ డబ్బు మైకుకు పెట్టండి. మన కరెంటు 50 హెర్ట్జ్, అందుకని సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు వేగం సెకనులో 1/50 వంతు పెట్టుకుంటే ట్యూబులైటు మిణుకు రాదు. ఎక్స్‌పోజర్‌ను, అంటే కెమెరా తీసుకునే వెలుగు కొలతను, లాక్ చేయండి, లేకపోతే చీకట్లోకి తిరగగానే ఫోను దానంతటదే వెలుగు పెంచేస్తుంది.

శబ్దం మీద మాత్రం పిసినారితనం పనికిరాదు. 1942లో హాలీవుడ్‌లోని ఆర్‌కేవో స్టూడియో వాల్ లూటన్ అనే నిర్మాతకు ఒక్కో సినిమాకు లక్షన్నర డాలర్లు దాటకూడదని షరతు పెట్టింది. ఆయన మొదట తీసిన 'క్యాట్ పీపుల్'లో ఒక అమ్మాయి రాత్రి నిర్మానుష్యమైన దారిలో నడుస్తుంటుంది. వెనక ఇంకొకరి అడుగుల చప్పుడు ఆగిపోతుంది. ఏదో మీద పడబోతోందని మనం బిగుసుకుపోయిన క్షణంలో బుస్సుమంటూ ఒక బస్సు తెరలోకి దూసుకొచ్చి ఆగుతుంది. మృగం లేదు, బ్రేకుల చప్పుడు అంతే. కాజీపేట జంక్షన్ పక్కన పెరిగినవారికి ఇలాంటి చప్పుళ్లు ఎన్ని ఉన్నాయో నేను చెప్పాలా? అర్ధరాత్రి గూడ్సు బండి వెళ్లిపోయాక వంటింట్లో గిన్నెలు ఇంకా వణుకుతూనే ఉంటాయి. వెళ్లి రికార్డు చేసుకోండి. తీసే ప్రతి గదిలోనూ అందరినీ కదలకుండా కూర్చోబెట్టి ఖాళీ గది శబ్దాన్ని ఒక నిమిషం పట్టుకోండి. ఎడిటింగ్‌లో మాటల మధ్య అతుకులు కనపడకుండా చేసేది అదే. తేదీలు పెట్టేముందు ముహూర్తాలు చూసుకోండి. పెళ్లిళ్ల రోజుల్లో ఊరి మీద బ్యాండు ఆగదు.

రక్తానికి రంగు సీసాలు కొనవద్దు. పళ్లెంలో నీళ్లు పోసి పసుపు వేసి, చిటికెడు తడి సున్నం కలిపి చూడండి. దిష్టి తీసే నీళ్లు. పసుపు చుట్టూ ముందు నారింజ రంగు తిరుగుతుంది, వేలితో కలిపేకొద్దీ ఇటుక రంగు దాటి ఎర్రబడుతుంది. పసుపుపచ్చ బల్బు కింద ఇత్తడి పళ్లెంలో అది ఎండిన నెత్తురులా ఉంటుంది. పైగా ప్రేక్షకులకు అది ఇంట్లో చూసిన వస్తువు. వాకిట్లో తెల్లవారి ఆ పళ్లెం బోర్లా పడి ఉందని చూపిస్తే చాలు. నటుల కళ్లకూ నోటికీ మాత్రం తగలనివ్వకండి, సున్నం మండుతుంది. గుడ్లగూబను తెస్తామనీ పామును తెస్తామనీ ఎవరైనా అంటే వద్దనండి. అవి 1972 వన్యప్రాణి చట్టం రక్షణలో ఉన్నాయి. గుడ్లగూబ అరుపు చాలు. థియేటర్లో వేయాలనుకుంటే సెన్సారు సర్టిఫికెట్ కావాలని కూడా గుర్తుంచుకోండి.

ఆ 50 వేలను నేనైతే ఇలా పంచుతాను: కథ హక్కుకు 5 వేలు, నటులకు 10, తిండికీ ప్రయాణాలకూ 12, మైకు అద్దెకూ శబ్దం పనికీ 12, ఇంటికీ దీపాలకూ 6, అనుకోని వాటికి 5. పాత కథ అయితే మొదటి 5 వేలను కూడా శబ్దానికే కలుపుతాను.

ఎడిటింగ్ ఒక దశకు వచ్చాక, సినిమాతో సంబంధం లేనివారిని నలుగురిని పిలిచి కూర్చోబెట్టండి. తెరను ఆపేసి శబ్దం మాత్రమే వినిపించండి. ఎక్కడ వాళ్లు ఫోను చూసుకున్నారో అక్కడ సమయం రాసుకోండి, ఆ చోట కత్తిరించాలి. గొలుసు చివరి కడియం చెక్కకు తగిలే చోట గదిలో ఎవరూ కదలకపోతే, ఆ షాటును ఇంకో రెండు సెకన్లు పెంచండి.